రాణివాసపు పేరు నమూనా ఫారానికి ఎలా చేరింది? జపాన్ ‘హనకో’ కథ

క్లుప్తంగా: హనకో అంటే మాటకు మాటగా చెబితే ‘పూలపిల్ల’. హన అంటే పువ్వు, కో అంటే బిడ్డ. ఈ ‘కో’ మొదట మగవారి పేర్లలో గౌరవసూచకం. తర్వాత రాజకుటుంబపు ఆడపిల్లలకు గుర్తు. 20వ శతాబ్దంలో దాదాపు ప్రతి ఇంటి ఆడపిల్ల పేరుకూ చివరన వచ్చి చేరింది. అందరికీ అందాక దాని ఆకర్షణ తగ్గింది. హనకో మరీ సాధారణమైపోయి దరఖాస్తు ఫారాల్లో నమూనా పేరుగా మిగిలింది. పేర్ల ఉచ్చారణను కూడా నమోదు చేయాలని 2025లో జపాన్ తెచ్చిన నిబంధన ఈ పాత పేర్ల మీద చర్చను మళ్లీ ముందుకు తెచ్చింది.

### రాత రికార్డులో, పలుకు ఇంట్లో

జపాన్‌లో 2025 మే 26న కుటుంబ నమోదు చట్టానికి చేసిన సవరణ అమల్లోకి వచ్చింది. పుట్టుక, పెళ్లి, చావు అన్నీ రాసుకునే ఆ ప్రభుత్వ పత్రాన్ని అక్కడ కోసెకి అంటారు. అప్పటిదాకా కోసెకిలో మనిషి పేరును ఏ అక్షరాలతో రాయాలో ఉండేది. ఎలా పలకాలో ఉండేది కాదు. తెలుగువారికి ఇది వింతగా తోస్తుంది, ఎందుకంటే మన లిపిలో రాసిందే చదువుతాం. జపాన్‌లో పేర్లు ఎక్కువగా కంజిలో, అంటే చైనా నుంచి వచ్చిన భావలిపిలో ఉంటాయి. ఒక్కో కంజికి రెండు మూడు పలుకులు ఉండటం మామూలు. పేర్లలో వాడేటప్పుడు ఇంకా ఎక్కువ ఉంటాయి.

దీని పర్యవసానం సూటిగా ఉంటుంది. జపనీస్ పేరు చెవిన పడగానే దాని అర్థం చెప్పలేం, కంటపడగానే దాని పలుకు చెప్పలేం. ‘యోకో అంటే ఏమిటి?’ అనే ప్రశ్నకు సమాధానం లేదు. ఆ యోకోను సూర్యకాంతి అక్షరంతో రాశారా, సముద్రం అక్షరంతో రాశారా అని ముందు అడగాలి. పిల్లల పేర్ల వెబ్‌సైట్లలో ఒక్కో జపనీస్ పేరుకు ఎదురుగా ఒక్కో అర్థం రాసి ఉండే పట్టికలు చాలావరకు ఈ చిక్కును దాటవేస్తాయి.

హనకో ఈ విషయంలో కాస్త మినహాయింపు. దీన్ని ఎక్కువమంది ఒకేలా రాస్తారు, ఒకేలా చదువుతారు. అంత తేటగా ఉండటమే చివరికి ఆ పేరుకు చేటు తెచ్చింది.

### పువ్వు అంటే ఏ పువ్వు?

పలుకుతో మొదలుపెడితే, జపనీయులు ఈ పేరును మూడు లఘువులుగా పలుకుతారు. మన ఛందస్సు లెక్కలో న గణం. చివరి అచ్చు కూడా పొట్టిదే కాబట్టి ‘హనకొ’ అని రాయడమే అసలుకు దగ్గర. హ్రస్వ ఒకారం ఉన్న తెలుగుకు ఆ వీలుంది కూడా. అయినా తెలుగు రాతల్లో దీర్ఘమే అలవాటైంది గనుక ఇక్కడా అదే వాడుతున్నాం. స్వరం మొదటి ‘హ’ మీద ఎత్తుగా ఉండి తర్వాత దిగుతుంది.

‘హన’ను పేర్లలో ముఖ్యంగా మూడు రకాలుగా రాస్తారు. రోజువారీ ‘పువ్వు’ అక్షరం మొదటిది. దాని పైభాగం గడ్డిని సూచించే గుర్తు, కింది భాగం శబ్దం కోసం పెట్టింది. రెండోది ఇంకా పాతది, గీతలు ఎక్కువున్న అక్షరం. పువ్వుతో పాటు వైభవం, శోభ అనే భావాలు దానికి ఉంటాయి. చక్రవర్తి నరుహితో పినతండ్రి హితాచి యువరాజు భార్య హనకో పేరు ఈ రెండో అక్షరంతోనే రాస్తారు. మూడోది అర్థాన్ని పక్కన పెట్టి హిరగాన లిపిలో శబ్దాన్ని మాత్రమే రాయడం. చూడటానికి మెత్తగా, పాతకాలపు ఇంటి ఆడపిల్ల పేరులా ఉంటుంది. ఈ మూడింటినీ విన్నప్పుడు తేడా లేదు. కాగితం మీద మాత్రం మొదటిది పక్కింటి అమ్మాయి, రెండోది గొప్పింటి మహిళ, మూడోది అమ్మమ్మ.

ఇక ఆ పువ్వు ఏదన్నది కాలాన్ని బట్టి మారింది. 8వ శతాబ్దపు నారా కాలంలో చైనా అభిరుచి ప్రబలంగా ఉండేది. కవుల మెప్పు ‘ఉమే’ అనే చెట్టు పూలకు దక్కేది. ఆ కాలపు కవితా సంకలనంలో ఉమే మీద వందకు పైగా పద్యాలుంటే, సకురా (చెర్రీ) పూల మీద నలభై చిల్లర మాత్రమే కనిపిస్తాయి. హెయాన్ కాలానికి తూకం తారుమారైంది. 10వ శతాబ్దం నుంచి కవిత్వంలో ఊరికే ‘హన’ అంటే సకురా అనే అర్థం స్థిరపడింది. హనమి అంటే పూలు చూడటమే అయినా, ఆ మాటకు జనం వెళ్లేది సకురా చెట్ల కిందికే. కాబట్టి హనకో పేరు పెట్టిన తల్లిదండ్రుల మనసులో ఏదో ఒక పువ్వు అని కాకుండా, వసంతమంతా ఉందనుకోవడం సబబు.

### ‘కో’ మొదట మగవారిది

రెండో ముక్క ‘కో’ను పసిబిడ్డ బొమ్మ నుంచి పుట్టిన అక్షరంతో రాస్తారు. దీని గురించి జపాన్‌లో ఒక చక్కని కథ ప్రచారంలో ఉంది. ఈ అక్షరాన్ని విడదీస్తే ‘ఒకటి’, ‘ముగింపు’ అనే రెండు గుర్తులు వస్తాయట. మొదటి నుంచి చివరిదాకా నిండుగా బతకాలనే దీవెన అందులో దాగుందట. వినడానికి బాగుంది గాని, అక్షరం పుట్టుకకూ దీనికీ సంబంధం లేదు. చేతులు చాచిన శిశువు బొమ్మే దాని పాత రూపం.

చైనాలో ఈ అక్షరం పెద్దలకు గౌరవంగా పేరు చివర చేరేది. కన్ఫ్యూషియస్, మెన్షియస్ చైనా పేర్ల చివర ఉన్నది ఇదే. ప్రాచీన జపాన్‌లోనూ ఇది ప్రముఖ పురుషుల పేర్లలో కనిపిస్తుంది. 607లో చైనాలోని సుయీ రాజ్యానికి దూతగా వెళ్లిన ఒనో నో ఇమోకో మగవాడు. ఆ కాలంలో రాజ్యంలో చక్రం తిప్పిన సోగా నో ఉమాకో కూడా మగవాడే. ఇప్పటి చెవితో వింటే రెండూ ఆడవారి పేర్లనిపిస్తాయి. జపాన్ బడిపిల్లలు చరిత్ర పాఠంలో మొదటిసారి తికమకపడేది ఇక్కడే.

9వ శతాబ్దం మొదట్లో చక్రవర్తి సాగా తన కుమార్తెలకు పేర్లు పెట్టిన తీరుతో మలుపు వచ్చింది. ఆయన పాలన 809 నుంచి 823 వరకు. అంతకుముందు రాజసంతానానికి పాలిచ్చిన దాది వంశం పేరు పెట్టడం వంటి ఆనవాయితీలు ఉండేవి. సాగా తన కుమార్తెల్లో రాకుమారి హోదా ఉన్నవారికి ఒక కంజి, దాని వెనక ‘కో’ పెట్టాడు. రాజవంశం నుంచి తప్పించి మినమోతో ఇంటిపేరుతో సామాన్య హోదాకు పంపినవారికి ‘హిమే’ అనే వేరే తోక పెట్టాడు. అంటే ఒకే తండ్రి బిడ్డల్లో ఎవరు ఏ మెట్టు మీద ఉన్నారో పేరు చివర చూస్తే తెలిసిపోయేది. ఇక్కడి నుంచి ‘కో’ హోదా ముద్ర అయింది. రాజాస్థానంలో పదవి పొందిన ఉన్నత కుటుంబాల స్త్రీలకూ క్రమంగా విస్తరించింది.

1218 నాటి ఒక ఉదాహరణ ఈ పద్ధతిని బాగా చూపుతుంది. కమకురా ప్రభుత్వ స్థాపకుడి భార్య, భర్త పోయాక రాజకీయాలను శాసించిన హోజో మసకో ఆ ఏడాది రాజాస్థానం నుంచి హోదా పొందింది. హోదా పత్రంలో రాయడానికి పేరు కావాలి. తండ్రి తోకిమసా పేరులోంచి ‘మస’ తీసి ‘కో’ తగిలించారు. అప్పటికే ఆమె వయసు అరవై దాటింది. అంతకుముందు ఆమెను ఇంట్లో ఏమని పిలిచేవారో చరిత్రలో నిలవలేదు. చరిత్ర పుస్తకాలన్నింటిలో ఆమెకున్న పేరు ఆ కాగితం కోసం పుట్టిందే.

ఆస్థానపు స్త్రీల అసలు పేర్లను బయట పలకడం అమర్యాద. తండ్రి లేదా అన్న చేసే ఉద్యోగం పేరుతో పిలిచేవారు. అందుకే హెయాన్ కాలపు మహారాణుల పేర్లు కంజిలో దొరికినా, నాడు వాటిని ఎలా పలికారో చాలావరకు తెలియదు. నేటి పండితులు తెయిషి, షోషి అంటూ చైనా పలుకుతో సర్దుకుంటారు. రాసి ఉండి, పలుకు పోయిన పేర్లివి. 2025 చట్టం తీర్చాలనుకున్న లోటుకు వెయ్యేళ్ల చరిత్ర ఉందన్నమాట.

### ఊళ్లో మాత్రం ఓహనా, ఓఉమే

పల్లెల్లో, పట్నపు వాడల్లో ఆడపిల్లల పేర్లు రెండక్షరాలకు మించేవి కావు. హన, ఉమే, మత్సు (దేవదారు జాతి చెట్టు), కికు (చామంతి), త్సురు (కొంగ), కమే (తాబేలు). చివరి రెండూ దీర్ఘాయువుకు చిహ్నాలు. పిలిచేటప్పుడు ముందు ‘ఓ’ చేర్చి ఓహనా, ఓఉమే అనేవారు. అదొక మర్యాద, కాస్త ముద్దు కూడా. 17వ శతాబ్దం నుంచి 19వ శతాబ్దం నడిమి దాకా సాగిన ‘ఎదో’ కాలమంతా ఇదే తీరు. వీటిని కంజిలో రాసే అవసరం పెద్దగా ఉండేది కాదు, శబ్దాన్ని మాత్రమే రాసే కానా లిపి చాలు.

హనకో పేరులోని సామాజిక చరిత్ర ఈ రెండు పాయల మధ్య ఉంది. ‘హన’ ఊళ్లోది, ‘కో’ కోటలోది. ఆ రెంటినీ కలిపింది మెయిజీ కాలం.

### రిజిస్టరు, బడి, కలం పేరు

1868 తర్వాత వచ్చిన మెయిజీ ప్రభుత్వం జనాభాను లెక్కలోకి తేవాలనుకుంది. 1871లో కుటుంబ నమోదు చట్టం చేసి, 1872లో దేశమంతటా కోసెకిలు రాయించింది. ఒక మనిషికి ఒకే పేరు ఉండాలని, ఇష్టం వచ్చినట్టు మార్చకూడదని అదే ఏడాది ఉత్తర్వులు వచ్చాయి. 1875లో సామాన్యులకూ ఇంటిపేరు తప్పనిసరి అయింది. అంతకుముందు వయసును, వృత్తిని బట్టి మారే పేర్లు ఇక స్థిరపడ్డాయి. పాత హోదాల కట్టడి సడలిన ఆ సమాజంలో, ఫలానా తోక ఫలానా వారికే అనే అడ్డు కూడా పోయింది.

ముందుగా చదువుకున్న స్త్రీలు ‘కో’ను అందుకున్నారు. 1871లో ఆరేళ్ల వయసులో అమెరికా వెళ్లి చదువుకుని, 1900లో మహిళల ఆంగ్ల విద్యాలయం స్థాపించిన త్సుదా ఉమేకో పుట్టినప్పటి పేరు ఉమే. ఆమె 1902లో అధికారికంగా ఉమేకోగా మారింది. 2024 జులైలో విడుదలైన కొత్త ఐదువేల యెన్ నోటు మీద ఉన్నది ఆమె బొమ్మే. కవయిత్రి యోసనో అకికో పుట్టుపేరు షో. కెనడా అమ్మాయి ‘ఆన్’ కథను 1952లో జపనీస్‌లోకి తెచ్చిన అనువాదకురాలు మురఓకా హనకో 1893లో పుట్టినప్పుడు కోసెకిలో రాసింది ఉత్త ‘హన’. ఆమె హనకో అని పిలిపించుకోవడానికే ఇష్టపడింది. కోసెకి ఏం చెప్పినా, ఉత్తరాల్లో, సంతకాల్లో, బడిలో ‘కో’ చేర్చి రాసుకోవడం ఆ తరం స్త్రీలలో మామూలైంది. చదువుకున్నామని, గౌరవనీయులమని చెప్పే చిన్న బిళ్ల అది.

అదే కాలంలో ఐరోపాకు చేరిన మరో హనకో ఉంది. ఓతా హిసా అనే నర్తకి-నటి. హనకో ఆమెకు పరదేశంలో పెట్టిన రంగస్థల నామం. శిల్పి రోడిన్ 1906లో ఆమెను చూసి, తర్వాత యాభైకి పైగా ముఖశిల్పాలు, రూపాలు చేశాడు. పాశ్చాత్య ప్రేక్షకులకు ‘జపాన్ ఆడపిల్ల’ అని ఒక్క మాటలో చెప్పాలంటే హనకో సరిపోయింది. పేరు వ్యక్తిని వదిలి నమూనా వైపు జరగడం అక్కడే మొదలైందనవచ్చు.

### కజుకోల తరం

బాలికల చదువు దేశమంతా వ్యాపించాక ‘కో’ కూడా వ్యాపించింది. తైషో కాలం (1912–1926) నాటికి కొత్తగా పుట్టిన ఆడపిల్లల పేర్లలో అదే పైచేయి. 1926 డిసెంబరు 25న షోవా శకం మొదలైంది. షోవా రాతలోని రెండో అక్షరం ‘వా’కు శాంతి, సామరస్యం అని అర్థం, పేర్లలో దాన్నే ‘కజు’ అని కూడా చదువుతారు. 1927 నుంచి ఏళ్ల తరబడి కజుకో ఆడపిల్లల పేర్లలో అగ్రస్థానంలో నిలిచింది. యుద్ధానికి ముందు పుట్టిన తరంలో కజుకో, సచికో, యోషికో, తోషికో, హిరోకోలు కొల్లలు. యుద్ధం తర్వాత కెయికో, యోకో, క్యోకోలు. ఒకే తరగతిలో ముగ్గురు కెయికోలుంటే వారిని ఇంటిపేరుతో వేరు చేయాల్సి వచ్చేది.

అర్థం మీద శ్రద్ధ అప్పటిదాకా బాగానే ఉండేది. వినయం, సౌఖ్యం, ప్రకాశం, పవిత్రత అనే అక్షరాలను ఏరి వెనక ‘కో’ చేర్చేవారు. అంటే పేరులో తల్లిదండ్రుల ఎంపిక మొదటి సగానికే పరిమితం. రెండో సగం లోకాచారం.

### తారోకు జంట దొరికింది

హనకో సాధారణ స్త్రీకి ప్రతినిధి ఎలా అయింది? మగవైపు తారో ముందే సిద్ధంగా ఉన్నాడు. తారో అంటే పెద్దకొడుకు, జిరో రెండోవాడు, సబురో మూడోవాడు. జానపద కథల్లో మొమోతారో, కింతారో, ఉరషిమా తారో అందరికీ తెలిసినవారు. వారసత్వం కొడుకుల వరుసలో నడిచే ఇంటి వ్యవస్థలో మగపిల్లల పేర్లకు సంఖ్యలు పుట్టాయి. ఆడపిల్లలకు అలాంటి వరుస పేర్లు పాతుకోలేదు. అందువల్ల తారోకు జంటగా పెట్టాల్సిన ఆడపేరును వరుస లెక్కలోంచి తీయడం కుదరలేదు. తేలికగా రాయగలిగి, ఎవరూ తప్పు చదవలేని పేరు కావాలి. పువ్వు, బిడ్డ అనే రెండు అక్షరాలూ బడిలో మొదటి ఏడాదే నేర్పేవి.

ఆ జంట ఇప్పుడు జపాన్ ఆఫీసుల్లో అంతటా ఉంటుంది. ఫారం నింపే నమూనాలో యమదా తారో, యమదా హనకో. డ్రైవింగ్ లైసెన్సు నమూనా మీద ‘నిహోన్ హనకో’, అంటే ఇంటిపేరే జపాన్. మన ఆధార్‌కు దగ్గరగా ఉండే ‘మై నంబర్’ కార్డు నమూనా మీద ‘బంగో హనకో’. బంగో అంటే నంబరు. తోకుషిమాలోని సాఫ్ట్‌వేర్ సంస్థ జస్ట్‌సిస్టమ్స్ 1985లో తెచ్చిన వర్డ్ ప్రాసెసర్‌కు ఇచితారో అని, 1987లో తెచ్చిన బొమ్మలు గీసే ప్రోగ్రామ్‌కు హనకో అని పేర్లు పెట్టింది. 1988లో మొదలైన ఒక మహిళల పత్రిక పేరు కూడా హనకోయే. ఉద్యోగం చేసి, సంపాదించి, ఖర్చు పెట్టే నగర యువతులను ఆ పత్రిక పేరుతోనే ‘హనకో వర్గం’ అన్నారు.

1980లలో బడిపిల్లల మధ్య దేశమంతా పాకిన దెయ్యం కథ కూడా ఈ కోవలోదే. బడిలో మూడో అంతస్తు ఆడపిల్లల మరుగుదొడ్లలో మూడో తలుపు మూడుసార్లు తట్టి ‘హనకో గారూ, ఉన్నారా?’ అంటే లోపలి నుంచి జవాబు వస్తుందట. ఎర్ర స్కర్టు, మెడదాకా కత్తిరించిన జుట్టు. ఒక్కో ఊళ్లో వివరాలు ఒక్కోలా ఉంటాయి, పేరు మాత్రం మారదు. ఫలానా మనిషి దెయ్యమని చెప్పకుండా ‘ఎవరో ఒక అమ్మాయి’ అనడానికి అంతకంటే తగిన పేరు లేదు. తెలుగు కుర్రకారుకు ఈ పేరు మొదట తెలిసేది ఎక్కువగా ఈ కథ మీద అల్లిన అనిమేల ద్వారానే.

### ఏనుగుల హనకోలు

పేరు నమూనాగా మారినా భావోద్వేగం పూర్తిగా ఇంకిపోలేదనడానికి ఏనుగుల కథ సాక్ష్యం. ఇందులో భారత్‌కూ కొంత వాటా ఉంది.

1935లో థాయిలాండ్ నుంచి టోక్యోలోని ఉఎనో జంతుప్రదర్శనశాలకు ఒక ఆడ ఏనుగు కానుకగా వచ్చింది. దానికి జపాన్‌లో పెట్టిన పేరు హనకో. 1943లో, వైమానిక దాడుల్లో బోనులు బద్దలై క్రూరమృగాలు ఊరి మీద పడతాయనే కారణంతో జంతువులను చంపమని టోక్యో అధికారులు ఆదేశించారు. హనకోతో పాటు జాన్, తొంకీ అనే మరో రెండు ఏనుగులకు మేత ఆపేశారు. మూడూ ఆకలితో చనిపోయాయి.

యుద్ధం ముగిశాక టోక్యో పిల్లలు ఏనుగు కావాలని కోరారు. వారి విన్నపానికి స్పందించి ప్రధాని నెహ్రూ 1949లో మైసూరు ప్రాంతపు ఏనుగును పంపారు. దానికి తన కుమార్తె పేరు పెట్టారు. ఆ ఏనుగు ఇందిర 1983లో చనిపోయేదాకా ఉఎనోలో ఆ పేరుతోనే ఉంది. అదే 1949 సెప్టెంబరులో, ఇందిర కంటే కొన్ని వారాల ముందు, థాయిలాండ్ నుంచి రెండేళ్ల గున్న ఏనుగు చేరింది. పిల్లల అభిప్రాయం అడిగితే వచ్చిన పేరు మళ్లీ హనకో. ఆకలితో చనిపోయిన ఏనుగు జ్ఞాపకం అది. ఈ రెండో హనకో 1954లో ఇనోకషిరా పార్కుకు మారి, 69 ఏళ్ల వయసులో 2016 మేలో చనిపోయింది. దాని జీవితం కథలోలా మెత్తగా ఏమీ సాగలేదు. 1956లో రాత్రివేళ లోపలికి చొరబడిన ఒక వ్యక్తి, 1960లో ఒక సంరక్షకుడు దాని కాళ్ల కింద పడి మరణించారు. ఆ రోజుల్లో కొంతకాలం గొలుసులతో ఉంది. అయినా 2017లో కిచిజోజీ స్టేషను ముందు దానికి కంచు విగ్రహం పెట్టారు. దాని పేరులో ‘హన’ హిరగానలో, ‘కో’ కంజిలో రాస్తారు.

### ఎందుకు తగ్గింది?

1950ల చివర నుంచి అకెమి, మయుమి, నవోమి వంటి ‘మి’తో ముగిసే పేర్లు ‘కో’ పక్కన చేరాయి. ఆ ‘మి’కి వాడే అక్షరానికి అందం అని అర్థం. 1970లలో ‘క’, ‘న’తో ముగిసేవి పెరిగాయి. 1980లు గడిచేసరికి కొత్తగా పుట్టిన ఆడపిల్లల్లో ‘కో’ ఉన్నవారు తక్కువైపోయారు.

దీనికి పాశ్చాత్య ప్రభావమే కారణమని అంటుంటారు. అది పాక్షిక సమాధానమే. లోపల నడిచిన యంత్రాంగం వేరు. రాచవంశపు గుర్తు కాబట్టి ‘కో’ కావాలనుకున్నారు. అందరికీ దొరికాక అది ఏ గుర్తూ కాకుండా పోయింది. ఆ తర్వాత అది చెప్పేది పుట్టిన దశాబ్దాన్నే. తెలుగునాట లక్ష్మమ్మ, వెంకమ్మ వంటి పేర్ల చివర ‘అమ్మ’ గౌరవంగా ఉండి, తర్వాతి తరానికి పాతవాసనగా తోచినట్టే ఇదీ. తేడా ఏమిటంటే మన ‘అమ్మ’ ఏనాడూ రాజకుటుంబాలకే పరిమితం కాలేదు.

రెండో కారణం లిపికి సంబంధించింది. యుద్ధం తర్వాత పేర్లలో వాడదగిన కంజిలను ప్రభుత్వం గట్టిగా పరిమితం చేసింది. 1946 నాటి సాధారణ జాబితాలో ఉన్నవి 1,850. జనం అసంతృప్తితో 1951లో పేర్ల కోసమే మరో 92 చేర్చారు. ఆ జాబితా విడతల వారీగా పెరుగుతూ పోయి, నేడు సాధారణ కంజిలు 2,136, పేర్లకు ప్రత్యేకించినవి 863 ఉన్నాయి. అక్షరాలు పెరిగేకొద్దీ కొత్త కలయికలు వచ్చాయి. ముందు చెవికింపైన శబ్దం ఎంచుకుని, తర్వాత దానికి నప్పే అక్షరాలు వెతికే పద్ధతి స్థిరపడింది. సూర్యుడు అనే అక్షరం, ‘అఓయి’ మొక్క అక్షరం కలిపి రాసే పేరు ఇటీవల ఆడపిల్లలకు బాగా పెడుతున్నారు. దాన్ని ఒక ఇంట్లో హిమారి అంటారు, ఇంకో ఇంట్లో హినతా అంటారు. టీచర్లు హాజరు పిలిచే ముందు అడిగి రాసుకోవాల్సిన పరిస్థితి.

‘కో’ పూర్తిగా చావలేదు. మల్లె పేరులో వాడే ‘రి’ అక్షరం 1990లో పేర్ల జాబితాలోకి వచ్చాక, దాంతో రాసే రికో 2000ల తర్వాత ప్రజాదరణ పొందింది. మల్లెపిల్ల అన్నమాట. నిర్మాణంలో హనకోకు చెల్లెలే, కానీ శబ్దం కొత్తది. రెండో వైపు, ‘హన’ ఒక్కటే పేరుగా తిరిగి వచ్చింది. మెయిజీ నాటి చదువుకున్న యువతులు పల్లెటూరి పేరని తోక తగిలించుకున్న ఆ రెండక్షరాలనే, నేటి తల్లిదండ్రులు చిన్నగా, తేటగా ఉందని ఎంచుకుంటున్నారు. విదేశీయులకూ సులువుగా నోరు తిరుగుతుందన్నది అదనపు లాభం. మధ్యలో హనకో మాత్రం చిక్కుకుపోయింది. ఫారం మీద తన పేరు రాస్తే నమూనా కాపీ కొట్టారేమో అనిపించే పేరును బిడ్డకు పెట్టడానికి వెనకాడటం సహజం.

రాజకుటుంబంలో నియమం మారలేదు. చక్రవర్తి సంతానం ఐకో, ఆయన సతీమణి మసకో, తల్లి మిచికో. అకిషినో యువరాజు కుమార్తెలు మాకో, కాకో. పెళ్లితో రాజకుటుంబంలోకి వచ్చినవారి పేర్లూ అలాగే ఉన్నాయి. 2001లో పుట్టిన ఐకో పేరును మెన్షియస్ బోధనలోని ‘ఇతరులను ప్రేమించేవారిని ఇతరులూ ప్రేమిస్తారు’ అనే భావం నుంచి తీసుకున్నారు. సమాజమంతా తిరిగి వచ్చిన ‘కో’ మళ్లీ సాగా చక్రవర్తి పెట్టిన చోటే గట్టిగా నిలిచింది.

### కొత్త నిబంధన ఏం చేస్తుంది?

2023 జూన్‌లో ఆమోదం పొందిన సవరణ ప్రకారం ప్రతి పేరుకూ కతకాన అనే శబ్దలిపిలో ఉచ్చారణ కోసెకిలో చేరుతుంది. మున్సిపాలిటీలు తమ దగ్గరున్న నివాస రికార్డుల ఆధారంగా ఊహించిన పలుకును పోస్టులో పంపుతాయి. తప్పుంటే చెప్పడానికి 2026 మే 25 వరకు గడువు పెట్టారు. సరిగ్గా ఉంటే ఊరుకున్నా అదే నమోదవుతుంది. రుసుము లేదు, జరిమానా లేదు. కంప్యూటర్ రికార్డుల్లో వెతకడానికి, పోల్చడానికి ఒకే మనిషి పేరు రకరకాలుగా ఉండటం అడ్డు అవుతోందన్నది ప్రధాన కారణం. ఒకే కంజికి పలు రూపాలున్న దేశంలో యంత్రానికి కంజి కంటే కతకాన తేలిక.

కొత్తగా పుట్టే పిల్లల విషయంలో ఒక షరతు ఉంది. పలుకు ఆ అక్షరాలకు సాధారణంగా అంగీకరించదగినదై ఉండాలి. న్యాయ మంత్రిత్వ శాఖ ఇచ్చిన ఉదాహరణల ప్రకారం ‘ఎత్తు’ అనే అక్షరం రాసి ‘పొట్టి’ అనే అర్థంలో పలకడం కుదరదు. తారో అని రాసి జిరో అని గాని, మైకేల్ అని గాని చదవడం కూడా కుదరదు. మిరుమిట్లు గొలిపే పేర్లంటూ పత్రికలు విమర్శించే విపరీత నామాలకు ఇది కొంత కళ్లెం. అయితే వాడుకలో లేని ప్రతి పలుకునూ తోసిపుచ్చరు. తల్లిదండ్రులు వివరణ ఇస్తే పరిశీలిస్తారు. పేర్లలో వాడే పలుకులు ఎప్పటి నుంచో నిఘంటువులను దాటి ఉన్నాయి కాబట్టి గీత ఎక్కడ గీయాలన్నది ఆఫీసు ఆఫీసుకూ మారే అవకాశం ఉంది. దీనివల్ల ‘కో’ పేర్లు తిరిగి వస్తాయని కొందరు ఆశిస్తున్నా, అందుకు ఆధారం తక్కువ. చట్టం చదవలేని పలుకును ఆపగలదు, పాతబడిన శబ్దాన్ని కొత్తది చేయలేదు.

టోక్యోలోని నిషికసాయి వంటి చోట్ల స్థిరపడిన తెలుగు కుటుంబాలకు ఈ నిబంధన నేరుగా వర్తించదు. కోసెకి జపాన్ పౌరులకు మాత్రమే. భారతీయ దంపతులకు అక్కడ పుట్టిన అమ్మాయికి హన అని పెట్టినా, నివాస రికార్డులో పేరు రోమన్ లిపిలోనే ఉంటుంది, కంజి ఉండదు. తల్లిదండ్రుల్లో ఒకరు జపనీయులై బిడ్డకు ఆ పౌరసత్వం ఉంటే మాత్రం కోసెకి తెరుచుకుంటుంది. అప్పుడు మామూలు పువ్వా, వైభవపు పువ్వా, ఉత్త హిరగానా అన్నది ముందే తేల్చుకుని, పక్కన కతకానలో పలుకు రాసివ్వాలి.